చెరువులకి పేర్లుండవు

మంచం మీదున్నదాని కనురెప్పల కింద గుడ్లు గిరగిరా తిరుగుతున్నాయి. అంటే మేత పడుతోంది. మెడ వెనక అతుక్కున్న కలజలగ అప్పటికే వంకాయంత ఉబ్బింది. నూకరత్నం సున్నపునీళ్ళలో ముంచిన వేలు దాని మూతి చుట్టూ రాసింది. పట్టు వదిలింది. వదిలేటప్పుడు తేన్చింది, రోజూ తేన్చినట్టే. ఆ కంపు ముక్కులో ఆగదు, వచ్చి నాలుక మీద కూర్చుంటుంది.

ట్రేలో వేస్తే బద్ధకంగా పొర్లింది, కడుపునిండా తిని నడుం వాల్చిన కామందులాగా.

బయట మిట్టమధ్యాహ్నం. షెడ్డులో మాత్రం నల్ల టార్పాలిన్ల కింద చీకటి. వరసగా మంచాలు, మంచానికో ఆడమనిషి. మనిషి అనకూడదు, చెరువు అనాలి. పొలాలన్నీ ఉప్పుదేలిపోయాక ఊళ్ళకి ఊళ్ళు వచ్చి ఈ షెడ్లలో పడుకున్నాయి. ఇంటికొకరు పడుకుంటేనే మిగతావాళ్ళకి తిండి. పట్నాల్లో కలలు రానివాళ్ళు ఈ జలగల రసం తాగి, ఊళ్ళవాళ్ళ కలలు కంటారు. దీనికి కంపెనీ పెట్టిన పేరు స్వప్నసాగు. సాగంట! దున్నేది మనిషి పుర్రెని.

షెడ్డులో ఎవరినీ పేరు పెట్టి పిలవకూడదు. ఎంత మత్తిచ్చినా మనిషికి తన పేరు వినపడుతుంది. మేత మధ్యలో చెరువు మేలుకుంటే జలగ చస్తుంది. ఒకటి చస్తే ఆ వాసనకి చుట్టుపక్కలవి కూడా చస్తాయి. అందుకే జలగల్ని తీసే పట్టుబడి పనివాళ్ళు కూడా తమలో తాము పేర్లు మింగేస్తారు.

"ఏమేవ్, నీ చెరువు బాగా పండిందే! నాది చూడు, ఎండుమిరపకాయ," పక్క వరసలోంచి కనకం నవ్వింది.

"నోర్ముయ్యవే. రుచిమాస్టరు వస్తన్నాడు."

"రానీ. ఇంట్లో పెళ్ళాం అన్నం పెట్టదేమో, ఇక్కడికొచ్చి నాకుతాడు."

ప్రసన్నబాబు వచ్చాడు. మెళ్ళో వెండి చెంచా వేలాడుతోంది. ట్రేలో జలగని సూదితో పొడిచి, కారిన గోధుమరంగు జిగురు చెంచాతో పట్టి నాలుక మీద వేసుకుని కళ్ళు మూశాడు. గొంతులో గుటక కదిలింది.

"అబ్బ! వాన... మోకాలిలోతు నీళ్ళు. చంకలో చిన్నపిల్ల. పిల్లకి ఒళ్ళు కాలిపోతోంది. ఆస్పత్రి ఇంకా దూరం. 'కళ్ళు మూయకే, కళ్ళు మూయకే' అంటోంది." పెదాలు చప్పరించాడు. "మేలిరకం."

ఆ పిల్ల నూకరత్నమే. మంచం మీదున్నది తన అక్క వీరవేణి. షెడ్డుకి వచ్చిన రోజు, "నువ్వు నిలబడి పని చేసుకోవే, నేను పడుకుంటా" అని ముందుకెళ్ళి మంచమెక్కేసింది. ఇన్నాళ్ళూ తను ఆ మెడ మీంచి జలగల్ని తీస్తూనే ఉంది. తీసి, చెయ్యి కడుక్కుని, అన్నం తింది. వీడు నాకింది తన ప్రాణాన్ని.

"అడుగు తగులుతోంది," ప్రసన్నబాబు చెంచాని చొక్కాకి తుడుచుకున్నాడు. "ఇంకొక్క పట్టు, అంతే. కొత్తదాన్ని ఎక్కించు. ఆ తరవాత వెనక వసారాలో పడెయ్యండి."

వెనక వసారాలో ఎండిపోయిన చెరువులు కూర్చుంటాయి. గంజి పోస్తే తాగుతాయి. కన్నబిడ్డ వచ్చి నిలబడ్డా ఎవరని అడగవు.

"ఏంటి చూస్తావ్? ఎక్కించు."

"ఆయ్," అంది నూకరత్నం. సీసాలోంచి ఆకలిజలగని తీసింది. దారంలా సన్నగా, ఆత్రంగా, మూతి చాపుకుని ఆమె వేళ్ళ మధ్య మెలికలు తిరుగుతోంది. అక్క మెడ మీద పాత గాట్లు తెల్లగా, వరసగా, చేప పొలుసుల్లా ఉన్నాయి. కొత్తదానికి చోటెక్కడుందా అని చెయ్యి అలవాటుగా వెతికింది. వెతుకుతున్న తన చెయ్యిని చూసుకుంటే రోత పుట్టింది.

జలగని నేలకేసి కొట్టి కాలితో రాసేసింది.

పిలవాలి. పేరు గొంతుదాకా వచ్చి ఆగిపోయింది. పుట్టి బుద్ధెరిగాక అక్కని పేరు పెట్టి పిలిచింది లేదు. నోరు తిరగలేదు. తిరిగింది ఒక్కటే.

"అక్కా!"

వీరవేణి కదిలింది. పక్క మంచం కదిలింది. ఆ పక్కది. ఎదురు వరసలో మూడో నాలుగో. కంపెనీవాళ్ళు పేర్లన్నీ నిషేధించారు గానీ, ఈ షెడ్డులో ఎవరో ఒకరికి అక్క కానిదెవరు? రెప్పలు విడుతున్నాయి. చేతులు మెడల వెనక్కి పాకుతున్నాయి. వేళ్ళకి తగిలిన మెత్తటి ముద్దని తెలుసుకుని ఎవరో కెవ్వుమన్నారు, ఎవరో భళ్ళున కక్కుకున్నారు. జలగలు టపటపా నేల రాలి పగిలాయి.

"పడుకోండి! కళ్ళు మూసుకోండి!" ప్రసన్నబాబు జిగురులో జారిపడి, చెంచా పట్టుకునే అరుస్తున్నాడు.

వీరవేణి చల్లటి చెయ్యి చాపి నూకరత్నం నుదురు తాకి చూసింది. "జొరం తగ్గిందటే?"

పక్క వరసలో కనకం చేతి తొడుగులు పీకి వాడి మొహాన కొట్టింది. ఇంకా లేవని మంచాల వైపు తిరిగి, గుండెల నిండా ఊపిరి తీసుకుని అరిచింది.

"అమ్మా!"