కుండల గది

2023 అక్టోబరు 12, గురువారం. పగలంతా మబ్బు మూసుకునే ఉంది, చినుకు మాత్రం రాలలేదు. సాయంత్రానికి ఆకు కదలని ఉక్క. గాలి లేదన్న సంగతి గుర్తు పెట్టుకోండి.

శిరివెళ్ల దాటి ఆళ్లగడ్డకు పోయే దారిలో, మినుము చేన్ల మధ్య ఒక గుండ్రటి రాతిగది ఉంది. కిటికీల్లేవు. పొద్దు గూకినాక ఆ పక్కన పోయేవాళ్లు ఒకరినొకరు పేరు పెట్టి పిలుచుకోరు. గొర్లు కాసేవాళ్లు సైతం ఈలలతోనే సరిపెట్టుకుంటారు. అక్కడ పేరు పలికితే గది పట్టుకుంటుందని...

దాన్ని కట్టించింది సంజీవయ్య సార్. నంద్యాలలో ఫిజిక్సు చెప్పి రిటైరైనాయన. ఆ కాలంలో ల్యాబు అంటే ల్యాబే — శృతిదండాన్ని రబ్బరు దిమ్మెకు కొట్టి నీళ్ల గొట్టం మీద పట్టుకుంటే, ఏదో ఒక్క ఎత్తు దగ్గర గొట్టమంతా 'ఊఁ' అని మోగేది. అనునాదం. పరీక్షలో పది మార్కులు. సరే, ఆ మార్కుల సంగతి మనకెందుకు? ఆ శృతిదండాలు తుడిచి పెట్టెలో సర్దే అటెండరు రాజరత్నం. సార్ 'రాజరత్నం' అనడం, ఇతను 'ఆఁ సార్' అనడం — ఇరవై రెండేళ్లు అదే ఉద్యోగం.

రిటైరైనాక సార్‌కు ఒకటే ధ్యాస. శబ్దంతో మనసును మార్చొచ్చు, మనసు మారితే లోకమే మారుతుందని. దానికి పిలుపు శాస్త్రమని పేరు పెట్టుకున్నాడు. గది గోడల్లో తొంభై కుండలు, మూతులు లోపలికి ఉండేటట్టు పెట్టించాడు.

"చూడు రాజరత్నం, నేను పిలిస్తే నువ్వు ఆలోచించక ముందే నీ నోరు పలుకుతుంది. ఆ పలుకుకూ నీ తెలివికీ నడుమ సన్న సందుంది. ఆ సందులో ఏది పెడితే నీకు అదే నిజం. గోడ పెడితే గోడ."

"ఆఁ సార్" అన్నాడు రాజరత్నం, కుండ చుట్టూ సున్నం మెత్తుతూ.

జులైలో సార్ పోయాడు. కూతురు జయలక్ష్మి ఫోన్ చేసింది. "వీలునామా ఆ గదిలో రేకుపెట్టెలో ఉందన్నా. నీకు గూడా అర ఎకరం రాసినానని నాయన అంటాండె. ఆడికి పోవాలంటే నాకు భయం."

పుట్టినప్పటి నుంచీ బాడుగ ఇండ్లలో బతికినవాడికి అర ఎకరమంటే ఏమిటో వేరే చెప్పక్కర్లేదు.

ఆ గురువారం భార్య లూదియానూ ఒక సీతాఫలాల సంచినీ మోపెడ్ ఎక్కించుకుని, ఆళ్లగడ్డలో ఉండే కూతురు జెస్సీ ఇంటికి పోతూ గది దగ్గర ఆపాడు.

"ఏమయ్యో, చీకటి పడతాంది. రేపు పోకూడదా?"

"అయిదు నిమిషాలు."

"నీ అయిదు నిమిషాలు నాకు తెల్దా! రేషను కార్డుకని పోయి మూడు దినాలకు వచ్చినోనివి. బిరీన రా."

లూదియా గురించి ఒక మాట. ఏసయ్య పేరు దినానికి నూరుసార్లు పలికే నోరు, ముప్పై ఒక్క ఏండ్లలో మొగుని పేరు ఒక్కసారి పలకలేదు. ఆఫీసులో భర్త పేరు అడిగితే కూతురి వైపు తిరిగి "చెప్పే" అనేది. ఏ మతంలోకి పోయినా కొన్ని అలవాట్లు వెంట వస్తాయి.

రాజరత్నం తలుపు బార్లా తెరిచి పెట్టి లోపలికి పోయాడు. సెల్లు లైటులో పెట్టె కనబడింది. కాగితం దొరికింది. జేబులో పెట్టుకున్నాడు.

"రాజరత్నం..."

వెనక నుంచి. సార్ గొంతు.

"ఆఁ సార్."

అనేశాకే గుర్తొచ్చింది, సార్ లేడని... తిరిగి చూశాడు. తలుపు లేదు.

లైటు వెలుగుతూనే ఉంది. చీకట్లో తడుముకోవడం కాదు — కళ్లెదుట గోడ. రాయి, కుండ, రాయి, కుండ. చేత్తో తట్టాడు. చల్లగా, గట్టిగా ఉంది. ఇది సార్ పెట్టిన గోడ, నిజం కాదు, కళ్లు మూసుకుని నడిస్తే —

"రాజరత్నం..."

"ఆఁ సార్."

ఏదో అనుకుంటున్నాడే... ఏమది? ఎటో పోవాలి. ఎటు? గాలి లేదు, అయినా కుండలన్నీ సన్నగా ఊపిరి తీస్తున్నాయి.

"రాజరత్నం..."

"ఆఁ సార్."

మూడోసారికి భుజం మీది తువాలు తీసి కుండలు తుడవడం మొదలుపెట్టాడు. ఒకటి. రెండు. మూడు. భయం పోయింది. పని దొరికినట్టు హాయిగా కూడా ఉంది. తొంభై అయిపోతే మళ్లీ మొదటిది...

"జెస్సీ నాయనా!"

కుండలు మోగలేదు. ఆ మాటకు తగిన కుండ ఆ గోడలో లేదు.

"జెస్సీ నాయనా! యాడుండావ్?"

జెస్సీ... జెస్సీ నా బిడ్డ గదా. గుంతలో నుంచి పైకి లాగినట్టు తల తిప్పాడు. తెరిచిపెట్టిన తలుపు తెరిచినట్టే ఉంది. రోడ్డు మీద లారీ వెలుగు, దాని ముందు కొంగు బిగించి నిలబడిన లూదియా.

"పిలుస్తాంటే పలకవేందీ? సీతాఫలాలన్నీ మెత్తబడినాయి నీ కోసం చూసి చూసి."

అతను ఆమె చెయ్యి ఆళ్లగడ్డ దాకా వదల్లేదు. ఒంటిచేత్తో మోపెడ్ తోలితే ఎట్లా అని అడక్కండి, తోలాడు.

మరో వారానికి నంద్యాలలో ప్లీడరు వీలునామా చదివి తలెత్తాడు. "రాజరత్నం ఎవరప్పా?"

ఎవరూ పలకలేదు. లూదియా మోచేత్తో పొడిచింది. "నిన్నే."

"నన్నా? అది నా పేరు గాదే."

ఆధార్ కార్డు చేతిలో పెట్టారు. చాలాసేపు చూశాడు. "ఫోటో నాదే సార్. పేరు ఎవరిదో. దేవుని ఎదుట ఇంకొకరి పేరుతో సంతకం ఎట్ల పెడతా?"

అప్పుడు లూదియా, అంతమంది ముందర, ముప్పై ఒక్క ఏండ్లలో మొదటిసారి నోరు తెరిచి "రాజరత్నం" అంది.

అతను తల తిప్పలేదు.

ఆ సాయంత్రం ఆళ్లగడ్డకు పోతూ ఆమే బండి ఆపమంది. రోడ్డు మీదనే నిలబడి, గది వైపు చూసి, మెల్లగా... "రాజరత్నం."

చేన్ల మీదుగా జవాబు వచ్చింది.

"ఆఁ సార్..."

బండి మీద కూర్చున్న మనిషి నెత్తి గోక్కున్నాడు. "ఎవర్నే పిలుస్తాండావ్?"

నంద్యాల ఇల్లు జయలక్ష్మికి వచ్చింది. సంతకం పెట్టేవాడు లేక అర ఎకరమూ ఆమెకే పోయింది. సార్ దాచుకున్న శృతిదండాల పెట్టె ఆయన మనవడు అభిషేక్‌కు దక్కింది. గదికి ఒక అటెండరు దక్కాడు.

జెస్సీ నాయనకు ఏమీ రాలేదు.