రోవెనా గేటు

ఇక్కడ సెంబవాంగ్ అనే పేటలో పాత షిప్‌యార్డ్ వైపు ఒక అపార్ట్‌మెంట్ బ్లాకుంది. అందులో పైఅంతస్తు నడవా చివరి ఫ్లాట్ పేరెత్తితే అద్దెకిచ్చే ఏజెంట్లే మాట మార్చేస్తారు. దెయ్యాలని నేను నమ్మను. అయినా ఆ నడవాలోకి రమ్మంటే మాత్రం నాకు వేరే పని గుర్తొస్తుంది.

ఇది నా స్నేహితురాలు స్పందన చెప్పిన సంగతి. ఆ అమ్మాయికి కోతలు కోసే అలవాటు లేదు.

స్పందన ఆఫీసులో డిజైనర్‌గా చేసే ఫిలిపినో అమ్మాయి రోవెనా ఆ ఫ్లాట్‌లో ఉండేది. ఒక్కతే. ఆదివారం ఒక్కతే సినిమాకెళ్ళేది, ఒక్కతే కరావోకే గదిలో గొంతు పోయేదాకా పాడుకునేది. "తోడెవరూ లేరా, పాపం" అని మనవాళ్ళు జాలిపడితే పకపకా నవ్వేది. అంతకుముందు పక్కపేట యీషున్‌లో ఏళ్ళ తరబడి ఒకే గదిలో లూజ్ అనే పెద్దామెతో సర్దుకుంది మరి. ఇప్పుడు తన తలుపు, తన తాళం... ఆ సుఖం ఆమెకే తెలుసు.

లూజ్ మాత్రం వదల్లేదు. "నన్నూ రానివ్వవే, ఏ మూలో పడుంటాను" అని అడిగేది. అడిగినప్పుడల్లా రోవెనా వద్దనేది.

ఆ లూజ్ నిద్రలోనే పోయింది.

శవాన్ని వాళ్ళ దేశం పంపే ముందు ఓ రాత్రి ప్రార్థన పెట్టారు. స్పందన తోడు వెళ్ళింది. బయటికొచ్చాక రోవెనా హాకర్ సెంటర్ వైపు నడవబోయింది.

"ఎక్కడికి?"

"కాసేపు కూర్చుందాం. చావు చూసి తిన్నగా ఇంటికెళ్ళకూడదు... పోయినవాళ్ళు వెంట వచ్చేస్తారు. మధ్యలో ఎక్కడైనా ఆగితే అక్కడే ఉండిపోతారు."

స్పందనకి ఒళ్ళు జలదరించింది. శవం దగ్గర్నుంచి వచ్చి, స్నానమైనా చెయ్యకుండా నలుగురు తినే చోట కూర్చోవడమా! "ముందు ఇంటికెళ్ళి తలస్నానం చెయ్యి. కాఫీ తర్వాత" అని చెయ్యి పట్టుకుని టాక్సీ ఎక్కించేసింది. ఎవరి పద్ధతి వాళ్ళకి గొప్ప కదా!

దారంతా రోవెనా వెనక అద్దంలోంచి చూస్తూనే ఉంది. ఆమెని బ్లాకు కింద దించి స్పందన వెళ్ళిపోయింది.

ఇంట్లో తనూ స్నానం ముగించి తల తుడుచుకుంటుంటే — ఫోన్.

"స్పందనా..." గుసగుసగా రోవెనా గొంతు. "నువ్వు నాతో పైకి వచ్చావా?"

"లేదే... ఏం?"

"బాత్‌రూంలో... ఎవరో నీళ్ళు పోసుకుంటున్నారు."

స్పందన తడితలతోనే మళ్ళీ టాక్సీ ఎక్కింది. నడవాలో లైట్లన్నీ వెలుగుతున్నాయి. చివరి ఫ్లాట్ తలుపు బార్లా తీసుంది. బయటి ఇనుప గేటు మాత్రం దగ్గరగా వేసి ఉంది — గొళ్ళెం పెట్టలేదు. దాని వెనక రోవెనా నిలబడి ఉంది.

"బయటికి రా రోవీ. మా ఇంటికి పోదాం."

రోవెనా కమ్మీల్లోంచి రెండు చేతులూ చాపి స్పందన చేతులు పట్టుకుంది. అవి మంచులా ఉన్నాయి. ఏడుస్తోంది.

"బతికుండగా అన్నిసార్లు వద్దన్నాను. ఇప్పుడు ఏ మొహంతో పొమ్మనను?"

"అవన్నీ తర్వాత... ముందు రా. గేటు తీసే ఉందిగా..."

స్పందన మాట పూర్తి కాలేదు. ఇద్దరూ ఒకరి చేతులొకరు అలా పట్టుకునే ఉన్నారు —

లోపలివైపు గొళ్ళెం మెల్లగా పడింది.