తిరుమలరావు చదివిన రష్యా నవల

బిలాస్‌పూర్ తారబాహర్ రైల్వే క్వార్టర్లలో ఉదయం తొమ్మిది దాటితే ఏ ఇంట్లో ఏం జరుగుతుందో గోడ అవతలివాళ్ళు కూడా చెప్పగలరు. మగవాళ్ళు డ్యూటీలకి వెళ్ళిపోయి ఉంటారు. ఆడవాళ్ళు కూరగాయల బండి చుట్టూ చేరి కాలీఫ్లవర్ ధర మీద తగువులాడుతూ ఉంటారు. అసిరమ్మగారింట్లో మాత్రం ఆ వేళకి ఒక లావుపాటి పుస్తకం తెరుచుకునేది. ఆ వెంటనే చనిపోయిన మనిషి గొంతు వినిపించేది.

కొత్తకోడలు జ్యోతిర్మయి ఆ గొంతు మొదటిసారి విన్నది కాపురానికి వచ్చిన కొత్తల్లోనే. మామగారు తిరుమలరావు పోయి అప్పటికి పదమూడు రోజులు. వేసవిలో పెళ్ళయినా డిగ్రీ పరీక్షల కోసం ఆమదాలవలసలో పుట్టింట్లోనే ఉండిపోయిన పిల్ల, మామగారి కర్మలకి బిలాస్‌పూర్ వచ్చి అలాగే కాపురానికి ఆగిపోయింది. వంటింట్లో పోపు వేస్తుంటే ముందుగదిలోంచి మగగొంతు. మెల్లగా, బొంగురుగా, మధ్యమధ్య చిన్న దగ్గుతో. తొంగిచూస్తే మామగారి పడకకుర్చీలో అత్తగారు అసిరమ్మ కూర్చుని ఉంది. ఒళ్ళో పుస్తకం, వేలు అక్షరాల మీద, నోట మామగారి గొంతు. ఆ పూట పోపు మాడిపోయింది.

అది రష్యా నవల. మాస్కోలో తెలుగులో అచ్చయి చవగ్గా దొరికిన రకం. సెలవు పాసు మీద విశాఖ వెళ్ళినప్పుడల్లా మామగారు అలాంటివి రెండో మూడో మోసుకొచ్చేవారట. డ్యూటీ దిగాక భార్యకి చదివి వినిపించేవారట. అసిరమ్మకి అక్షరం ముక్క రాదు. కొడుకు రమణబాబు లోకో షెడ్డులో ఫిట్టరు. హిందీ బడిలో చదువుకున్నవాడు కాబట్టి తెలుగులో సినిమా పేరు చదవాలన్నా కూడబలుక్కోవాలి. ఆ ఇంట్లో తెలుగు చదవగలిగిన మనిషి తిరుమలరావు ఒక్కరే. ఆయన నోట ఏది వస్తే పుస్తకంలో అదే ఉన్నట్టు.

వినీవినీ అమ్మకి కంఠతా వచ్చేసింది, అంతకుమించి ఏం లేదని రమణబాబు భార్యకి నచ్చజెప్పాడు. పక్కింటి లక్ష్మీనరసమ్మ అంత తేలిగ్గా తీసుకోలేదు. పోయినాయన ఇల్లు వదల్లేదనీ, కోని ఊరి అవతల మంత్రం వేసే బైగా ఒకడున్నాడనీ, వెంటనే పిలిపించమనీ చెప్పింది. జ్యోతిర్మయి రెండు మాటలూ విని, ఏదీ పూర్తిగా నమ్మకుండా నాలుగు నెలలు గడిపింది. అలవాటైపోతే భయం కూడా ఇంట్లో మనిషిలాగే ఉంటుంది.

పైగా ఆ కథ మీద ఆమెకి మోజు కూడా పుట్టింది. మంచులో కూరుకుపోయిన పల్లెలు, జమీందార్ల చేతుల్లోంచి అప్పుడప్పుడే విడుదలైన బానిస రైతులు, కొత్తగా వేస్తున్న రైలు పట్టాలు. పాత మతాచారం వదలక రెండు వేళ్ళతోనే శిలువ గుర్తు వేసుకునే మొండి ముసలమ్మలు, వాళ్ళని అడవులకి తరిమే పోలీసులు. పెద్ద ఉపవాసాలకి ముందు వచ్చే ఆదివారంనాడు యజమాని నౌకరు ముందు, తల్లి బిడ్డల ముందు వంగి నన్ను క్షమించమని అడగడం. ఆ దేశపు రచయితలు తప్పు చేసినవాణ్ణి జైలుకి పంపడానికి రాయరు, వాడి నోరు విప్పించడానికే ఆరొందల పేజీలు రాస్తారు అనేవారట మామగారు. ఇప్పుడు ఆ పాత దేశమే ముక్కలైపోయింది. ఆ పుస్తకాలు రావడమూ ఆగిపోయింది.

తొంభై మూడు జనవరిలో, ఇంకా పొగమంచు విడవని ఒక పొద్దున్న, ఎర్రయ్య వచ్చాడు. రైల్వేలో రిటైరై మోప్కాలో ఇల్లు కట్టుకున్న ముసలాయన. గుమ్మంలోనే నిలబడి, తన పక్కగదిలో ఉండే అప్పలకొండకి ఊపిరాడటం లేదనీ, రెండు రోజులుగా గంజి కూడా దిగడం లేదనీ, అప్పని ఒక్కసారి చూడాలని అడుగుతున్నాడనీ చెప్పాడు.

అప్పలకొండ అసిరమ్మకి తోడబుట్టిన తమ్ముడు. ఆ పేరు ఆ ఇంట్లో ఇరవైమూడేళ్ళుగా ఎవరూ పలకరు. జ్యోతిర్మయికి తెలిసినదంతా భర్త ఒకసారి ముక్తసరిగా చెప్పినదే. బావా బావమరుదులిద్దరూ ఈ ఇంట్లోనే ఉంటూ, దగ్గర్లోని ఒక చిన్న స్టేషన్ కేబిన్‌లో పనిచేసేవారు. డెబ్భైలో, ఇలాంటి పొగమంచులోనే, పట్టాల మీద నలుగురు కూలీలు పని చేస్తుండగా అప్పలకొండ గూడ్సుకి సిగ్నల్ ఇచ్చేశాడు. నలుగురూ పోయారు. పట్టాల మీద పని జరుగుతోంది, బండి వదలొద్దని డ్యూటీ అప్పజెప్పేటప్పుడు బావమరిదికి చెప్పానని తిరుమలరావు విచారణలో చెప్పారు. అప్పలకొండ కాదనలేదు. బావ చెప్పానంటే చెప్పే ఉంటాడు, నిద్రమత్తులో నేనే విని ఉండనన్నాడు. ఉద్యోగం పోయింది, రెండేళ్ళు జైలు పడింది. నలుగురి ఉసురు పోసుకున్నవాడు నా గడప తొక్కొద్దని అసిరమ్మ కబురు పెట్టింది. బావ పోయినప్పుడు కూడా అతను గేటు దాకా వచ్చి, రమ్మనేవాళ్ళు లేక వెళ్ళిపోయాడు.

అసిరమ్మ ఎర్రయ్యని గుమ్మంలోనే వదిలి, లోపలికి వెళ్ళి పడకకుర్చీలో కూర్చుని పుస్తకం తెరిచింది.

ఆ రోజు చదివిన భాగం జ్యోతిర్మయి అంతకుముందు ఎప్పుడూ వినలేదు. మంచు కప్పిన చిన్న స్టేషన్. నికిఫోర్ అనే కాపలావాడు. పట్టాల మీద పని మొదలుపెడుతున్నామని మేస్త్రీ వచ్చి చెబితే తల ఊపాడు. రాత్రంతా మేలుకున్న కళ్ళు. తరువాతి డ్యూటీకి భార్య తమ్ముడు రాగానే గొంగళి కప్పుకుని, ఆ ఒక్కమాటా చెప్పకుండా ఇంటికి పోయి పడుకున్నాడు. లేచేసరికి అంతా అయిపోయింది. చెప్పావా అని అధికారులు అడిగారు. చెప్పానన్నాడు.

జ్యోతిర్మయి చీపురు పక్కన పెట్టి గుమ్మం దగ్గరికి వచ్చింది. కథ అక్కణ్ణుంచి చర్చిలోకి వెళ్ళింది. మతగురువు చనిపోయినవాళ్ళ పేర్లు ఒక్కొక్కటే చదువుతున్నాడు. పేరు చదివి ప్రార్థిస్తేనే ఆ ఆత్మలకి శాంతి అని అక్కడివాళ్ళ నమ్మకం.

"ఇవాన్, మార్ఫా, ప్రొహోర్," అంది మామగారి గొంతు. "బిసాహూ, దుకాలూ, ఫిరంతా, మంగ్లూ."

చిన్న దగ్గు. పేజీ తిరిగింది.

జ్యోతిర్మయి చప్పుడు చెయ్యకుండా కుర్చీ వెనక్కి వెళ్ళి అత్తగారి భుజం మీదుగా చూసింది. వేలు కదులుతున్న చోట ఒక పెళ్ళివిందు జరుగుతోంది. బాతు మాంసం, ద్రాక్షసారా, పాట పాడుతున్న పెళ్ళికూతురి మేనత్త. స్టేషన్ లేదు, కాపలావాడు లేడు. వేలు పెళ్ళివిందు మీద నడుస్తుంటే నోరు చావు గురించి చెబుతోంది.

మధ్యాహ్నం అత్తగారు నడుం వాల్చాక ఆ పుస్తకం తీసుకుని వంటింట్లో కూర్చుంది. మూడు గంటలు కదలకుండా పేజీలు తిప్పింది. రైతులున్నారు, ముసలమ్మలున్నారు, క్షమాపణల ఆదివారం ఉంది. నికిఫోర్ ఎక్కడా లేడు. చర్చిలో పేర్లు చదివే చోటు దొరికింది కానీ అక్కడ అన్నీ రష్యా పేర్లే. ఆ వరస పక్కన ఖాళీలో ఎవరో పెన్సిలుతో నాలుగు చిన్న గీతలు గీశారు.

అయిదింటికి రమణబాబు షెడ్డు నుంచి వచ్చాడు. టీ అందిస్తూ, రష్యావాళ్ళలో బిసాహూ, దుకాలూ అనే పేర్లుంటాయా అని అడిగింది. ఆమెకి నిజంగానే తెలియదు. అతను తాగకుండానే గ్లాసు కింద పెట్టేశాడు. అవి ఇక్కడి పల్లెల పేర్లు. ఆ పేర్లు పెట్టి ఏడుస్తూ నలుగురు ఆడవాళ్ళు ఈ క్వార్టర్ ముందు మట్టిలో పొర్లిన రోజు అతనికి ఆరేళ్ళు.

ఉన్నదున్నట్టు చెప్పేసింది జ్యోతిర్మయి. రమణబాబు విన్నంతసేపూ తల అడ్డంగా ఊపుతూనే ఉన్నాడు. అమ్మకి మతి చెడిందన్నాడు. నాన్న రిటైరైనప్పుడు స్టేషన్ మొత్తం దండలు వేసి ఇంటిదాకా ఊరేగించిందన్నాడు.

"పోయినాయన మీద బురద చల్లితే ఎవరికి లాభం? చుప్‌గా ఉండు."

"మోప్కాలో ఒకాయన ఊపిరాడక అల్లాడుతున్నారండీ. ఆయనకి చెప్పాలి."

"అచ్ఛా, చెబితే లేచి కూర్చుంటాడా?"

"కూర్చోకపోవచ్చు. తను ఎవర్నీ చంపలేదని తెలుసుకుని పోతారు."

రమణబాబు చెయ్యెత్తాడు. కొట్టడానికో, ఆపమనడానికో అతనికే తెలియదు. ఆ చెయ్యి అలా ఉండగానే గుమ్మంలోంచి అసిరమ్మ మాట్లాడింది. అది మామగారి గొంతు కాదు. వణుకుతున్న ముసలి ఆడగొంతు. ఆ వణుకు ఆమె మాటలో జ్యోతిర్మయి ఎన్నడూ వినలేదు.

"కేకలెయ్యకు బాబూ. ఆ పిల్ల సరిగ్గానే చదివింది."

గోడ పట్టుకుని వచ్చి కింద కూర్చుంది. కొడుకు వంక కాకుండా నేల వంక చూస్తూ చెప్పింది.

"నాకు చదువు రాదు గానీ, మీ నాన్న చదవడం తెలీదా ఏటి? చదివినప్పుడు ఆగి ఆగి చదివీవోరు. ఇది మాత్రం ఆగకుండా సెప్పీసారు. మంచం పట్టినాక, వానల్లో. కళ్ళు పుస్తకం మీద లేవు, నా మీదున్నాయి. ఇది పుస్తకంలోదేనా అన్నాను. పుస్తకంలోదే అన్నారు. అప్పుడే తెలిసిపోయింది నాకు."

తెలుగు చదవగలిగిన పిల్లే కోడలిగా రావాలని ఆయన పట్టుబట్టింది కూడా అందుకేనట. తను పోయాక పుస్తకం కోడలికిచ్చి చదివించుకోమనీ, తను చదివింది అందులో ఉందో లేదో చూసుకోమనీ చివరి రోజుల్లో చెప్పారట. బతికుండగా నోరు పెగలని మనిషి, తప్పుని పుస్తకంలో దాచి, తాళంచెవిగా కోడల్ని తెచ్చిపెట్టారు. పెళ్ళిపీటల మీద ఆశీర్వదిస్తూ, తెలుగు బాగా చదువుతావా అమ్మా అని ఆయన అడిగినప్పుడు, ముచ్చటకి అడిగారనుకుంది జ్యోతిర్మయి.

"మరి పుస్తకం నాకెందుకివ్వలేదు అత్తయ్యా?"

"ఇచ్చీస్తే తేలిపోతాదని భయం. ఇవ్వకపోతే ఆయన ఊరుకోరని భయం. రెండింటికీ మధ్య నేనే చదువుతూ కూకున్నాను. ఆ ముక్క మాత్రం ఇన్నాళ్ళూ దాటేసీదాన్ని. ఈ రోజు ఎర్రయ్య వచ్చీసరికి దాటలేకపోయాను."

తండ్రి మీద కోపమో, తండ్రి కోసం ఏడుపో, రమణబాబు మొహమంతా ఎర్రబడింది. చివరికి లేచి చెప్పులు తొడుక్కుని, రిక్షా పిలుచుకొస్తాను తయారవమన్నాడు.

మోప్కా చేరేసరికి దీపాలు పెట్టే వేళయింది. మంచు మళ్ళీ దిగుతోంది. ఒకటే గది. అప్పలకొండ తలగడలకి చేరబడి, నోరు తెరిచి గాలి పీలుస్తున్నాడు. యాభై ఏళ్ళు లేని మనిషి డెబ్భై ఏళ్ళవాడిలా ఉన్నాడు. కిటికీ దగ్గర వరసగా నాలుగు గ్లాసుల్లో నీళ్ళున్నాయి. రోజూ పొద్దున్నే ఆ నలుగురి పేర్లూ చెప్పి పెడతాడని, వారం నుంచి లేవలేక తనచేత పెట్టిస్తున్నాడని ఎర్రయ్య గుమ్మం దగ్గర చెప్పాడు. ఇక్కడ ఒకడు, అక్కడ కుర్చీలో మామగారు, ఒకరికి తెలియకుండా ఒకరు అవే పేర్లు తలుచుకుంటూ ఇన్నేళ్ళు బతికారా అనుకుని జ్యోతిర్మయి గోడకి ఆనుకుంది.

అసిరమ్మ మంచం మీద కూర్చుని తమ్ముడి చెయ్యి పట్టుకుంది.

"నువ్వు కాదురా కొండా. మీ బావ నీకు సెప్పలేదు. సెప్పానని అబద్ధమాడారు."

అతను నెమ్మదిగా తల అడ్డంగా ఊపాడు. "సెప్పాడప్పా. నా బుజం మీద సెయ్యేసి మరీ సెప్పాడు. నోట్లోంచి పొగ వచ్చింది, సలికి. నాకిప్పటికీ కనబడతాది. నేనే వినలేదు."

ఎన్నడూ జరగనిది అతనికి అంత స్పష్టంగా కనబడుతోంది. బావ మాట అబద్ధం కాకూడదని, ఇరవైమూడేళ్ళపాటు తన జ్ఞాపకాన్నే మార్చుకుని కూర్చున్నాడు. ఆ గదిలో అన్నిటికన్నా భయం పుట్టించింది అదే.

"సెప్పలేదురా," అంది అసిరమ్మ. "ఆయనే నాతో అన్నారు. మీ బావ మాట ఇన్నేళ్ళు నమ్మావు. ఇప్పుడు మీ అప్ప మాట నమ్ము. నీ తప్పు లేదు. నిన్ను గడప తొక్కనివ్వని నాది తప్పు."

అప్పలకొండ ఆమె మొహంలోకి చూశాడు. తరువాత మేనల్లుడి వంక చూశాడు. రమణబాబు ఔనన్నట్టు తల దించాడు. తండ్రి పేరు అక్కడితో పోయింది. అతను ఆపలేదు.

"నిజంగా నేను కాదా?"

"కాదురా."

"నిజంగానా అప్పా?"

"నిజంగా కాదురా నాయనా."

అతను కళ్ళు మూసుకున్నాడు. ఊపిరి కాసేపు కుదురుగా ఆడింది. మళ్ళీ కళ్ళు తెరిచి, ఎవరినీ తప్పుపట్టకుండా, ఏదో లెక్క సరిచూసుకుంటున్నవాడిలా మెల్లగా అన్నాడు.

"అయితే నేను పెళ్ళి సేసుకుని ఉండొచ్చు కదప్పా. నలుగుర్ని సంపీసినోడికి పిల్లలెందుకని మానీసాను."

మొగుడు పోయినప్పుడు కూడా నలుగురి ముందు కన్నీరు పెట్టని అసిరమ్మ, తమ్ముడి తల ఒళ్ళోకి లాక్కుని గొంతెత్తి ఏడ్చింది. అతను చేత్తో ఆమె చెంపలు తుడుస్తూ, ఊరుకో అప్పా, వచ్చావు కదా, అంటూనే ఉన్నాడు.