అరువు నాలుకతో బీట్‌రూట్ కూర

ఆ ఆదివారం పొద్దున కెప్టెనమ్మ పొయ్యి ముందు నిలబడి పాలు కాస్తోంది. పొంగకుండా మంట తగ్గించింది, గరిటె తిప్పింది, చేయవలసినవన్నీ చేసింది. గిన్నె అడుగున ఏం జరుగుతోందో మాత్రం ఆమెకు తెలియలేదు. బాత్రూంలో తల తుడుచుకుంటున్న కోడలికి తెలిసింది.

"అత్తయ్యా! పాలు మాడుతున్నాయి!" అంటూ తలకి తువ్వాలు చుట్టుకుని పరిగెత్తుకొచ్చింది కోడలు.

"తెలుసులే. కొంచెం మాడితే కమ్మగా ఉంటాయని వదిలేశాను," అంది కెప్టెనమ్మ తొణక్కుండా.

కోడలు అత్తగారికేసి, గిన్నెకేసి, మళ్లీ అత్తగారికేసి చూసింది. వెళ్లి కిటికీ తలుపులు బార్లా తెరిచింది.

కెప్టెనమ్మ అన్నది అసలు పేరు కాదు. పెద్దాసుపత్రి క్యాంటీన్‌లో ఇరవై ఆరేళ్లు వంటవాళ్లకి పెద్దగా పనిచేసినప్పుడు నర్సులు పెట్టిన పేరు. కత్తి పట్టుకుంటే చేతులు వణకని పెద్ద సర్జన్లు కూడా ఆమె ముందు ప్లేటు పట్టుకుని బుద్ధిగా వరసలో నిలబడేవారు. "ఇంకో గరిటె వెయ్యండమ్మా" అని అడగాలంటే గుండె దిటవు చేసుకోవాల్సిందే. ఉద్యోగం అయిపోయినా ఆ పేరూ, ఆ నడకా ఇంటికి వచ్చేశాయి.

అలాంటి మనిషికి నాలుగు నెలల కిందట ఓ జలుబు పట్టింది. పది రోజులుండి పోయింది. పోతూ పోతూ ముక్కుని వెంటబెట్టుకుపోయింది. వెల్లుల్లి లేదు, జీలకర్ర లేదు, సబ్బు లేదు, డ్రైనేజీ లేదు. నాలుక కూడా మొద్దుబారిపోయింది. నోట్లో ఏది వేసుకున్నా తడిసిన అట్టముక్క నమిలినట్టే. కారం మాత్రం సూదితో గుచ్చినట్టు చురుక్కుమనేది, అంతే.

ఎవరికీ చెప్పలేదు. ఎలా చెబుతుంది? ఆ ఇంట్లో వంటిల్లు ఆమెది. కొడుకు దూరం బస్సులు నడుపుతాడు, వారంలో నాలుగు రోజులు రోడ్డు మీదే ఉంటాడు, ఈ ఆదివారమూ అంతే. కోడలు మందుల కంపెనీ ల్యాబులో పరీక్షలు చేస్తుంది. కాపరానికి వచ్చి నాలుగేళ్లయింది, వస్తూనే గ్రాములు చూపించే చిన్న తూకం మిషను తెచ్చి గట్టు మీద పెట్టింది. చిటికెడు, చారెడు, గుప్పెడు అనే లెక్కలతో బతికిన కెప్టెనమ్మకి అది యుద్ధానికి దిగిన ఫిరంగిలా కనిపించింది. పోయిన వారమైతే పాత రేకు డబ్బాలన్నీ తీసేసి, ఒకే రకం గాజు సీసాలు పన్నెండు కొని, చీటీలంటించి వరసగా పేర్చింది. ముక్కు పోయిందని తెలిస్తే ఈ పిల్ల వంటిల్లంతా ఆక్రమించేసి తనని హాల్లో టీవీ ముందు కూర్చోబెడుతుందని కెప్టెనమ్మ భయం.

మరి నాలుగు నెలలుగా ఎలా నెట్టుకొస్తోందంటే, మొగుడి కనుబొమ్మలు చూసి. ఆయన గడియారాలు బాగుచేస్తాడు. మాట తక్కువ. అన్నం ముందు కూర్చుని మొదటి ముద్ద తినగానే ఎడమ కనుబొమ్మ పైకి లేస్తే ఉప్పు ఎక్కువైనట్టు, రెండూ లేస్తే తక్కువైనట్టు, రెండూ దగ్గరికొస్తే పులుపు తప్పినట్టు. పాపం, ఆయనకి తెలియకుండానే ఆయన మొహం చదివేస్తున్నానని, వెంటనే ఏదో వంకతో గిన్నె లోపలికి తీసుకెళ్లి సర్దేస్తున్నానని కెప్టెనమ్మ లోలోపల మురిసిపోతుండేది.

ఇంతలో ఫోన్ మోగింది. కూతురు. ఈత నేర్పే టీచరు కావడంతో గట్టున నిలబడి అరిచినట్టే మాట్లాడుతుంది.

"అమ్మా, పన్నెండున్నరకల్లా వచ్చేస్తాం. ఆయనా, వాళ్లమ్మగారూ. గుర్తుందిగా?"

"ఎందుకు లేదే? పెళ్లాడతానని నువ్వు చెప్పిన కళ్లద్దాల షాపతను. నేనేం మర్చిపోలేదు."

"వాళ్లమ్మగారు ఒక్కటే అడిగారు. నా లంచ్ డబ్బాలో నువ్వు పెట్టిన బీట్‌రూట్ కూర ఆయన ఓసారి తిన్నారు చూడు, దాన్ని ఇంట్లో ఏడాదిగా పొగుడుతున్నారట. అదెలా ఉంటుందో చూడాలి అన్నారావిడ. అదొక్కటీ బాగా చెయ్యమ్మా!"

ఆ వాళ్లమ్మగారి గురించి ముందే విని ఉంది కెప్టెనమ్మ. ముప్పై ఏళ్లు రైళ్లలో టిక్కెట్లు తనిఖీ చేసి దిగిన మనిషి. మొహం చూస్తే చాలు, టిక్కెట్టు ఉందో లేదో పసిగట్టేస్తుందట.

"అలాగే," అంది కెప్టెనమ్మ.

మిగతా వంట తాను చూసుకుంటానని, బీట్‌రూట్ జోలికి మాత్రం రానని కోడలు ముందే చెప్పింది. కెప్టెనమ్మ ఎనిమిది దుంపలు కడిగి, తోకలు కొయ్యకుండా తొక్కతోనే ఉడకబెట్టింది. తోక కోస్తే రంగంతా నీళ్లపాలవుతుంది. ఉడికాక చల్లారబెట్టి, బొటనవేలితో రుద్దితే తొక్క ముసుగులా ఊడొచ్చింది. ముక్కలు కోసి, నూనెలో వెల్లుల్లి, జీలకర్ర వేయించి, ముక్కలేసి, ధనియాల పొడి చల్లింది. చివర్న దాల్చినచెక్క పొడి. గాజు సీసాల వరసలో గోధుమరంగు పొడి ఉన్న సీసా తీసి చెంచాడు వేసి కలిపింది. చీటీ చదవాలంటే కళ్లద్దాలు కావాలి. ఆవిరి పడుతుందని వంటింట్లో ఆమె కళ్లద్దాలు పెట్టుకోదు. వాసన చూసి వేసే మనిషికి చీటీలతో పనేమిటి?

అన్నానికి ఎసరు పెట్టడానికి వచ్చిన కోడలు ఆగిపోయింది. చెంచాతో ఓ ముక్క నోట్లో వేసుకుంది. మొహం మూడు రకాలుగా మారింది.

"అత్తయ్యా, బీట్‌రూట్‌లో కాఫీ పొడి ఎందుకేశారు?"

కెప్టెనమ్మ చేతిలో గరిటె ఆగింది. "కాఫీయా?"

"కాఫీయే. అదిగో, మీరు తీసిన సీసా మీద రాసే ఉంది."

"రాసుందట, రాసి!" దొరికిన దారినే విరుచుకుపడింది కెప్టెనమ్మ. "నా డబ్బాలు నేను పెట్టుకున్నచోట ఉంటే ఇలా జరిగేదా? అన్నీ ఒకే రకం సీసాలు! ఇరవై ఆరేళ్లు చీటీలు చదివి వండానా నేను?"

"చదవకపోతే పోనీ, వాసన చూసినా తెలియదా?"

కోడలు మామూలుగానే అంది. జవాబు గుమ్మం దగ్గర్నుంచి వచ్చింది.

"తెలియదమ్మా. మీ అత్తయ్యకి నాలుగు నెలలుగా వాసన తెలియదు," అన్నాడు గడియారాలాయన.

ఆడవాళ్లిద్దరూ గిరుక్కున తిరిగారు. ఎక్కువ ఉలిక్కిపడింది కెప్టెనమ్మే.

"మీకెవరు చెప్పారు?"

"నువ్వే చెప్పావు. పెట్రోలు పోసి గడియారం కడగాలంటే నలభై ఏళ్లుగా నన్ను వాకిట్లోకి తరుముతావు. ఆ జలుబు తగ్గాక ఓరోజు మర్చిపోయి ఈ గట్టు మీదే కడిగాను. నువ్వు నా పక్కనే కూర్చుని కూరగాయలు తరుగుతూ పాట పాడుకున్నావు. అనుమానమొచ్చి మర్నాడు కూడా కడిగాను. మళ్లీ పాటే."

"అయితే రోజూ నా వంటింట్లో పెట్రోలు పోస్తున్నారా?"

"వెలుతురు బాగుంటుందే ఇక్కడ," అన్నాడాయన తప్పు చేసిన పిల్లాడిలా. "పొయ్యి ఆర్పాకే పోస్తాను."

కెప్టెనమ్మకి ఇంకో సంగతి మెల్లగా వెలిగింది. "మరి ఆ కనుబొమ్మలు?"

"నీకోసమే. ఎడమది ఒక్కటే ఎత్తడం నాకు వచ్చేది కాదు. అద్దం ముందు వారం రోజులు ప్రాక్టీసు చేశాను. నువ్వు చెప్పకూడదనుకున్న మాట నేనెందుకు అడగాలి అని ఊరుకున్నాను."

కెప్టెనమ్మ అక్కడున్న స్టూలు మీద కూలబడింది. కోపం రావాలో ఏడుపు రావాలో తెలియలేదు. ఏడుపు మాత్రం పక్కనుంచి వినపడింది. కోడలు మోచేత్తో కళ్లు ఒత్తుకుంటోంది.

"నీకేమైందే?"

"నా లంచ్ డబ్బాకి ఎవరి కనుబొమ్మలూ లేవుగా అత్తయ్యా! నాలుగు నెలలుగా ఒకరోజు చప్పన, ఒకరోజు ఉప్పు కషాయం. ఆ తూకం మిషను తెచ్చానని నామీద కోపంతో నా డబ్బాలోనే కావాలని అలా పెడుతున్నారనుకున్నాను. అయినా పారెయ్యలేదు, తెలుసా? అడిగితే గొడవవుతుందని ముక్కు మూసుకుని తిన్నాను."

"అయ్యో, నా తల్లీ!" కెప్టెనమ్మ లేచింది. ఇరవై ఆరేళ్లలో ఆమె చేతి కూర ఎవరూ ముక్కు మూసుకుని తినలేదు. "పొద్దున్నే మీ మామయ్య లేవకముందే కట్టేస్తానుగా. గుడ్డిగా కట్టేదాన్ని. తెలిస్తే నువ్వు నన్ను వంటింట్లోంచి పంపించేస్తావని చెప్పలేదు."

"పంపించి నేనేం చేసుకుంటాను? రోజంతా ల్యాబులో కొలిచి కొలిచి వస్తాను. ఇంటికొచ్చాక కూడా నేనే వండాలా? మీరు వంటిల్లిస్తానన్నా నాకొద్దు బాబోయ్!"

ఆ మాట అన్న తీరుకి కెప్టెనమ్మకి కన్నీళ్లలోనే నవ్వొచ్చింది. ఇన్నాళ్లూ తాను కాపలా కాసిన కోటని శత్రువు వద్దు పొమ్మంటోంది.

గడియారాలాయన గోడ గడియారం చూశాడు. "పదకొండు దాటి పది నిమిషాలు."

బుట్టలో అడుగున ఇంకో ఐదు దుంపలు దొరికాయి. కుక్కర్ ఎక్కించారు. ఈసారి ఇద్దరూ పొయ్యి ముందు నిలబడ్డారు. నూనె కాగాక కెప్టెనమ్మ చెవి ఒగ్గి వింది. వెల్లుల్లి చిటపట తగ్గి గుసగుసలోకి దిగాక జీలకర్ర వేసింది. రంగు చూసి మంట తగ్గించింది. ముక్కలు పడ్డాయి, ధనియాల పొడి పడింది, కోడలు చీటీ చదివి అందించిన దాల్చినచెక్క పొడి పడింది.

"ఇప్పుడు తిని చెప్పు."

కోడలు ముక్క చప్పరించింది. "సోడియం కొంచెం తక్కువ. ఓ అర శాతం..."

"శాతాలు నాకొద్దు. ఉప్పు తక్కువన్నది నాలుక చివర తెలుస్తోందా, మింగాక తెలుస్తోందా?"

కోడలు కళ్లు మూసుకుంది. ఆ ప్రశ్న ఆమెని ఎవరూ ఎప్పుడూ అడగలేదు. "మింగాక."

"అయితే చిటికెడు చాలు. ఇంకా?"

"కొంచెం మట్టి వాసన వస్తోంది."

"తడి మట్టా, పొడి మట్టా?"

"మట్టిలో అన్ని రకాలా అత్తయ్యా? ఆగండి... తడి మట్టి. వాన పడ్డాక వస్తుందే, అలా."

"పొడి మట్టయితే ఇంకా ఉడకాలి. తడి మట్టికి మిరియాలూ, నిమ్మరసమూ చాలు." నాలుగు మిరియాలు కచ్చాపచ్చాగా దంచి వేసింది, అర చెక్క నిమ్మకాయ పిండింది. "ఇప్పుడు?"

కోడలు తింది. ఇంకో ముక్క తింది. మూడోది తీయబోతుంటే కెప్టెనమ్మ ఆమె చేతి మీద గరిటెతో చిన్నగా కొట్టింది. "చాలు, అర్థమైంది. మూత పెట్టు. వేడి తగ్గితే దీని ప్రాణం పోతుంది."

సరిగ్గా పన్నెండున్నరకి అతిథులు వచ్చారు. కళ్లద్దాలతను సిగ్గరి, అందరికీ రెండేసిసార్లు నమస్కారం పెట్టాడు. వాళ్లమ్మగారు పొడుగ్గా, నిటారుగా ఉంది. ఇల్లంతా ఓసారి బోగీ చూసినట్టు చూసి, భోజనాల బల్ల దగ్గర కూర్చుంది. బీట్‌రూట్ వడ్డించగానే కొంచెం తిని, మెల్లగా నమిలి, కెప్టెనమ్మ మొహంలోకి సూటిగా చూసింది.

కోడలు బల్ల కింద అత్తగారి చెయ్యి పట్టుకుంది. పట్టుబడేదాకా ఎందుకులే అనుకుంది కెప్టెనమ్మ.

"వదినగారూ, ముందే చెప్పేస్తున్నాను. నాకు వాసనా రుచీ తెలియవు, నాలుగు నెలలైంది. ఈ కూరలో చెయ్యి నాది, నాలుక మా కోడలిది."

"అమ్మా! నాకెందుకు చెప్పలేదు?" కూతురు లేచి నిలబడింది, గొంతు ఇల్లంతా దద్దరిల్లింది.

"చెప్తే నువ్వు ఇలా అరుస్తావనే," అన్నాడు గడియారాలాయన. ఆ పూటకి ఆయన మాటల కోటా ఎప్పుడో దాటిపోయింది.

కూతురు మళ్లీ కూర్చుని తల్లి భుజం మీద తల వాల్చేసింది. కళ్లద్దాలతను ఏం చేయాలో తోచక ఆమెకి మంచినీళ్ల గ్లాసు జరిపాడు. వాళ్లమ్మగారు మాత్రం తినడం ఆపలేదు.

"నేనిందాక మీకేసి చూసింది అందుక్కాదు," అంది మూడో చెంచా తరవాత. "ఇంకొంచెం అడిగితే బాగుంటుందా, మొదటిసారే తిండిపోతు అనుకుంటారా అని ఆలోచిస్తున్నాను. ముప్పై ఏళ్లు రైళ్లలో చల్లారిన పొట్లాలు తిన్నదాన్ని. వేడి కూర కనిపిస్తే నాకు మొహమాటం నిలవదు."

ముందు నవ్వింది కెప్టెనమ్మే. గిన్నె ఆవిడ ముందుకే జరిపేసింది.

"మీరూ తినండి మరి," అంది ఆవిడ.

"నాకేం తెలుస్తుందండీ? తిన్నా తినకపోయినా ఒకటే."

"ఎందుకు తెలియదు?" అంది కాబోయే వియ్యపురాలు. "మేం చెబుతాంగా! ముందు తియ్యగా తగులుతుంది. ఆ వెనకే మిరియం."

"కాదత్తయ్యా, ముందు నిమ్మకాయ, తరవాత తీపి," అంది కూతురు ముక్కు చీదుకుంటూ.

"వెల్లుల్లి వేగిన కమ్మదనం అన్నిటికంటే ముందొస్తుంది," అంది కోడలు. "నేను అధికారికంగా చెబుతున్నాను."

"నాకైతే దాల్చినచెక్కే," అన్నాడు కళ్లద్దాలతను. వచ్చాక అతను మాట్లాడిన మొదటి మాట అదే. అందరూ అతని మీద పడ్డారు, దాల్చినచెక్క చివర్న తెలుస్తుంది గానీ ముందెలా తెలుస్తుందని. అతను ఎర్రబడ్డాడు గానీ మాట వెనక్కి తీసుకోలేదు. ఇతను మా పిల్లకి సరిపోతాడనుకుంది కెప్టెనమ్మ.

ఆమె ఓ ముక్క నోట్లో పెట్టుకుని కళ్లు మూసుకుంది. మెత్తగా, వెచ్చగా ఉంది. మిరియం చురుక్కుమంది. మిగతాదంతా చుట్టూ ఉన్న గొంతుల్లోంచి వస్తోంది, ఒకరు తీపి అంటే ఒకరు పులుపంటూ, ఒకరి మాట ఒకరు కొట్టేస్తూ. రుచి వచ్చిందా అంటే రాలేదు. కానీ నాలుగు నెలల్లో మొదటిసారి ఆ ముక్క గొంతు దిగడానికి నీళ్లు కావలసిరాలేదు. కళ్లలోంచి మాత్రం రెండు బొట్లు చెంపల మీదికి జారాయి.

"కారమా అత్తయ్యా?" అంది కోడలు కంగారుగా.

"కాదు," అంది కెప్టెనమ్మ, కంచం ఆమె ముందుకి చాపుతూ. "వడ్డించు. ఆపకండర్రా, చెబుతూ ఉండండి."