రెండోసారి పెట్టుకున్న బొట్టు

“అయ్యో, రీల్ అయిపోయింది! మీ అమ్మని ఇంకోసారి చెయ్యమను, శశీ!”

ఆ మాట అన్నది పరాయివాడు కాదు... సాక్షాత్తూ ఇంటి అల్లుడు! శశికళ చేతిలోని మైకు దించేసింది. అద్దం ముందు తల్లి జానకీదేవి, అప్పుడే కుంకుమ తుడుచుకున్న బోసి నొసటితో నిలబడి ఉంది. తండ్రి రామమోహనరావు గారు పోయి ఆ రోజుకి పదో రోజు. “ఈ అమెరికాలో, ఈ షామ్‌బర్గ్‌లో నిన్నెవరు అడుగుతారమ్మా, బొట్టు ఉంచుకో” అని కూతురు ఎంత బతిమాలినా, “ఎవరో అడుగుతారని కాదే, నా మనసుకి” అని ఆవిడే పూనుకుంది. దాన్ని ఫిల్మ్ తీస్తానన్నాడు అల్లుడు డీటర్. తల్లి కాళ్లు పట్టుకున్నంత పని చేసి ఒప్పించింది శశికళే! కన్నకూతురు చెయ్యాల్సిన పనేనా అది?

ఏం చేస్తుంది మరి! డీటర్ డాక్యుమెంటరీలు తీసే జర్మనువాడు. 1976లో కెమెరా భుజాన వేసుకుని చికాగో వచ్చాడు. ఉక్కు కార్మికుల మీద ఒకటి తీశాడు, కబేళా మీద ఒకటి తీశాడు. రెండిటినీ చూసిన నాథుడు లేడు. అతన్ని ప్రేమించి పెళ్లాడిన శశికళ వారమంతా హాస్పిటల్ లాబ్‌లో పనిచేసి, శని ఆదివారాలు అతని మైకు మోసింది. ఏడేళ్లకి జర్మన్ టీవీవాళ్లు ఇదే ఆఖరి అవకాశమని ఉత్తరం రాశారు. “ఇదీ పోతే నేనొక్కణ్ణే మా దేశం వెళ్లిపోతాను” అని ఆనాటినుంచీ పెళ్లాన్ని పొడుస్తూనే ఉన్నాడు.

“డీటర్... ఆవిడ మా అమ్మ! రెండోసారి ఎలా అడగను?”

“ఇది పోతే అంతా పోయినట్టే. ప్లీజ్, అడుగు.”

శశికళ కళ్లు తుడుచుకుంటూ తల్లి వైపు తిరిగింది. జానకీదేవికి ఇంగ్లీషు అంతంతమాత్రమే, కానీ కూతురి కన్నీళ్లు చాలు. కుంకుమ భరిణె తీసింది. నిండుగా బొట్టు పెట్టుకుని, అద్దంలో ఒక్క క్షణం చూసుకుని, మళ్లీ తుడిచేసుకుంది! మొదటిసారి నిబ్బరంగా ఉన్న మనిషి ఈసారి కుప్పకూలి, గుండెలు బాదుకుని ఏడ్చింది...

“అద్భుతం!” అన్నాడు డీటర్.

“ఎందుకు చేశావమ్మా?” అని శశికళ తల్లి ఒళ్లో పడి ఏడిస్తే, “నా పసుపుకుంకుమలు ఎలాగూ పోయాయి. నీవైనా నిలవాలి కదే తల్లీ!” అంది ఆ పిచ్చితల్లి.

ఏడాది తిరక్కుండా ఆ ఫిల్మ్‌కి న్యూయార్క్‌లో పెద్ద బహుమతి వచ్చింది. హాలు నిండా చప్పట్లు! ఆ ఏడుపు ఎలా తీశారని ఎవరో అడిగితే, డీటర్ మైకు ముందు నవ్వుతూ చెప్పాడు. “మొదటిసారి ఆవిడ సరిగ్గా ఏడవలేదు. అందుకే రీల్ అయిపోయిందని చెప్పాను. నిజానికి సగం మిగిలే ఉంది.”

హాలంతా నవ్వింది. ముందు వరసలో కూర్చున్న శశికళ లేచి, అందరి ముందూ నొసటి బొట్టు కొంగుతో తుడిచేసుకుని బయటికి నడిచింది.

మర్నాడు షామ్‌బర్గ్‌లో తలుపు తీసిన జానకీదేవి ఆ ముఖం చూసి కెవ్వుమంది. “అల్లుడికేమైందే?!”

“వాడికేం కాలేదమ్మా... నాకే పోయాడు.” జరిగిందంతా చెప్పింది.

జానకీదేవి లోపలికి వెళ్లింది. భరిణె తెచ్చి కూతురి చేతిలో పెట్టింది. “పెట్టుకో. వాడిచ్చింది కాదు ఇది. నీ బారసాలనాడు నేను దిద్దింది.”

“అయితే నీదీ అంతే కదమ్మా!” శశికళ వేలిని కుంకుమలో అద్ది తల్లి నొసటి దాకా తెచ్చింది.

జానకీదేవి ఆ చెయ్యి పట్టుకుని ఆపేసింది.

“నాకొద్దులే తల్లీ... రెండుసార్లు తుడుచుకున్నాను. ఇంక నావల్ల కాదు.”