కోసేసిన ఫ్లూట్ వరుస

ఉదయం ఏడింటికి కూతురు ఫైలు తెరిచేసరికి, సినిమా సంగీతానికి నాన్న స్వరాలు రాసిన కాగితాల్లో, చివరి ఎనిమిది పేజీల్లో ఫ్లూట్ వాయించాల్సిన వరుసను ఎవరో బ్లేడుతో కోసేసి ఉన్నారు.

పదింటికి రికార్డింగ్. సినిమాలో ఆఖరి సన్నివేశం. వాద్యాలన్నీ హోరెత్తి ఒక్కసారిగా ఆగిపోవాలి. ఆ నిశ్శబ్దంలో చిన్న ఫ్లూట్ ఒక్కటే పైకి, ఇంకా పైకి పోవాలి. ముప్పై ఏళ్లుగా ఆయన సంగీతానికి అదే ముద్ర. తెర మీద పేరు చూడకపోయినా జనం పోల్చుకునేది దాన్నిబట్టే. ఆయన పెన్సిల్‌తో రాసిన ఆ కాగితాలకు ఇంకో ప్రతి లేదు.

"అన్నయ్యా! ఇలా రా!"

నోట్లో బ్రష్‌తోనే వచ్చాడు అన్న. "ఏంటే, ఇల్లంటుకుందా?"

"ఇది నీ పనేనా?"

"నాకేం అవసరం?"

"ఫ్లూటెందుకు, కీబోర్డుతో కానిచ్చేద్దామని మొన్న నాన్నతో గొడవపడిందెవరు? మన తాతయ్యా?"

"నోటితో గొడవపడ్డాను. బ్లేడుతో కాదు!"

వంటింట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చింది అమ్మ. కాగితాలు చూసి కుర్చీలో కూలబడింది. "ఒరేయ్, నిజం చెప్పు."

అతని మొహం పాలిపోయింది. "నువ్వు కూడానా అమ్మా? ఎనిమిదేళ్లుగా ఆయన పక్కనే ఉండి పనిచేశాను. ఇదా నాకు మిగిలింది? ఇక ఆయనకో దండం, మీకో దండం."

రెండు నిమిషాల్లో బ్యాగుతో తన గదిలోంచి వచ్చాడు. గుమ్మంలో నాన్న అడ్డంగా నిలబడి ఉన్నారు.

"బ్యాగు కింద పెట్టరా."

"మీరొక్కరే మిగిలారు. మీరూ అడగండి."

ఆయన అడగలేదు. చొక్కా జేబులోంచి సన్నటి కాగితం పీలికలు తీసి బల్ల మీద పెట్టారు. ఎనిమిది.

"నాన్నా... మీరా?" అంది కూతురు.

"మొన్న రిహార్సల్లో ఫ్లూటాయన పక్కనే నిలబడ్డాను. వేళ్లు కదులుతున్నాయి. స్వరం పైకెళ్లేసరికి నాకు ఏమీ వినపడలేదు. అయినా భేష్ అన్నాను. ఆయన తెల్లబోయి, 'తప్పు వాయించానండీ' అన్నాడు. డాక్టరు చూసి, పై స్వరాలు ఇక వినపడవన్నాడు. మీ అమ్మకి కూడా చెప్పలేదు. ఫ్లూటే లేకపోతే ఎవరికీ తెలియదనుకున్నాను."

బ్యాగు నేల మీద పడింది. కొడుకు వచ్చి ఆయన చెయ్యి పట్టుకున్నాడు.

"ఒక్క మాట చెప్పొచ్చుగా నాన్నా. మీ పక్కన నిలబడి నేను వింటానుగా."

ఆయన తల దించుకున్నారు.

"అసలు తప్పు ఇంకోటుందిరా. ఇందాక వీళ్లు నిన్ను నిలదీస్తుంటే నేను పక్కగదిలోనే ఉన్నాను. ఒక్క మాట పోకుండా అంతా వినపడింది. అయినా లేవలేదు. నా పేరు పోతుందని, నిన్ను పోనిద్దామనుకున్నాను."