మూడో పేజీలో తేదీ

జెర్సీ సిటీలో ముప్పై ఒకటో అంతస్తులో, లోపల గడియ పెట్టిన అపార్ట్‌మెంట్‌లో కౌశిక్ చనిపోయి కనిపించాడు. టేబుల్ మీద సగం తాగిన కాఫీ, అప్పుడే విప్పిన కొరియర్ కవరు, రచయిత సంతకంతో ఒక చరిత్ర పుస్తకం ఉన్నాయి. పోలీసులు గుండెపోటని రాసుకున్నారు. మూడో రోజు ల్యాబ్ రిపోర్ట్ రాగానే కేసు డెస్క్ నైన్‌కి బదిలీ అయింది. అలాంటి ఆఫీసు ఒకటుందని ప్రభుత్వం ఎక్కడా ఒప్పుకోదు. ఒప్పుకోని ఆఫీసులకే పనెక్కువ.

"విషం," అన్నాడు చీఫ్. "చేతికి అంటితే ఏమీ కాదు. కంటికి తగిలితే ఐదు నిమిషాలు. గాలి తగిలిన గంటలో ఆవిరైపోతుంది. అందుకే గదిలో దేని మీదా ట్రేస్ లేదు. అతని కళ్ళదాకా ఎలా వెళ్ళిందో మాకు అంతుపట్టడం లేదు."

ఏజెంట్ ఫెబీకి కూడా అంతుపట్టలేదు. ప్లేనోలో పుట్టి పెరిగి, పదేళ్ళుగా ఈ ఉద్యోగం చేస్తున్న మనిషి. ఎన్ని చావులు చూసినా ఆ ఫోటోలో కౌశిక్ ముఖం ఆమెను వదల్లేదు. భయపడ్డవాడిలా లేడు. ఏదో మంచి కబురు విన్నవాడిలా ఉన్నాడు.

చీఫ్ మిగతాది క్లుప్తంగా చెప్పాడు. నేపర్‌విల్‌లో ప్రొఫెసర్ శ్యామ్‌సుందర్ అనే చరిత్రకారుడున్నాడు. ఆధునిక యూరప్ రాజకీయాల మీద, యుద్ధాల మీద నాలుగు లావుపాటి పుస్తకాలు రాశాడు. ఐదో దాని కోసం తూర్పు యూరప్‌లోని ఒక దేశంలో, పాత సైనిక భవనం నేలమాళిగలో, శిష్యుడు కౌశిక్‌తో కలిసి, ఒక ఫైలు చదివాడు. ఆ దేశానికి ముప్పై ఏళ్ళుగా గూఢచారిగా పనిచేస్తున్న ఒక అమెరికన్ పేరు అందులో ఉంది. ఆ పెద్దమనిషి ఇప్పుడు వాషింగ్టన్‌లో చాలా పెద్ద కుర్చీలో ఉన్నాడు. వీళ్ళిద్దరూ తిరిగొచ్చిన వారానికే ఆ భవనం తగలబడిపోయింది. ఆ పేరు పుస్తకంలో రాయలేదు కాబట్టి ఇక రెండు బుర్రల్లోనే మిగిలింది. ఇప్పుడు ఒక్క బుర్రలో.

సోమవారం పొద్దున వాషింగ్టన్‌లో ప్రమాణం చేశాకే ఆ పేరు చెబుతానని ప్రొఫెసర్ భీష్మించుకు కూర్చున్నాడు. ఏ ఆఫీసులో ఏ గోడకి చెవులున్నాయో తెలియదు కాబట్టి, ఆయన్ని తప్పు పట్టడానికీ లేదు. పైగా శనివారం మధ్యాహ్నం ఆ ఐదో పుస్తకం ఆవిష్కరణ ఆపనన్నాడు. ఆ పుస్తకం కౌశిక్‌కి అంకితం.

"ఆయన కోడ్ నేమ్ ఫుట్‌నోట్," అన్నాడు చీఫ్. "సోమవారం దాకా బతికుంచు. నీకు తోడుగా జయంతి వస్తుంది."

జయంతిని పక్క డిపార్ట్‌మెంట్ అప్పుడప్పుడు అరువిచ్చేది. ఆమె గదిలోకి వస్తే మాటలు ఆగిపోయేవి. ఆ అందాన్ని ఆయుధంలా వాడుకోవడం ఆమెకు బాగా తెలుసు. ఈసారి పబ్లిషర్ తరఫు మనిషిగా వేషం కట్టి, రెండు రోజుల్లోనే ప్రొఫెసర్‌ని "అంకుల్" అంటూ ఇంట్లో మనిషైపోయింది. ఫెబీకి మాత్రం పుస్తకాల టేబుల్ దగ్గర వాలంటీర్ వేషం, దళసరి కళ్ళజోడు దక్కాయి. ఆ కళ్ళజోడులో కెమెరా, చేతి వాచీలో బాంబులు పసిగట్టే సెన్సర్ ఉన్నాయి.

శనివారం మూడు గంటలకి లైబ్రరీ హాలు నిండిపోయింది. వాచీ పచ్చగానే వెలుగుతోంది. ఫెబీకి మాత్రం నమ్మకం కుదరలేదు. ప్రొఫెసర్ ఇంట్లో కాఫీ కప్పు, టవలు, దిండు, కంటి చుక్కల మందు కూడా పరీక్ష చేయించింది. అన్నీ క్లీన్. కౌశిక్ తన కళ్ళని తనే ఎందుకు తాకాడు?

ఆ ఆలోచనలోనే అట్టపెట్టె జరపబోతే పైనున్న పుస్తకం జారి ఆమె పాదం మీద పడింది. అలవాటుగా వంగి, కళ్ళజోడు పైకి నెట్టి, రెండు చేతులతో తీసి కళ్ళకద్దుకుంది. బైబిల్‌కే కాదు, లెక్కల నోట్‌బుక్‌కి కాలు తగిలినా అలా చేయాల్సిందేనని అమ్మ లూసీ చిన్నప్పుడు పట్టుపట్టి నేర్పించింది. చర్చిలో కొందరు నవ్వినా అమ్మ మానలేదు.

పుస్తకం కళ్ళ మీద ఉండగానే ఫెబీకి అర్థమైంది. కౌశిక్ చేసింది ఇదే. గురువుగారి సంతకంతో పుస్తకం వచ్చింది. మురిసిపోయి కళ్ళకద్దుకున్నాడు. ఇది ఏ ల్యాబ్‌కీ తట్టదు, ఏ విదేశీ ముఠాకీ తెలియదు, ఎవరో మనవాళ్ళు చెబితే తప్ప. ఈ ఆపరేషన్‌లో తను కాకుండా ఉన్న తెలుగు మనిషి ఒక్కతే.

ఫెబీ తలెత్తింది. స్టేజీ మీదికి జయంతి పట్టుచీరలో నడుస్తోంది. చేతుల్లో వెండి పళ్ళెం, పళ్ళెంలో పూలు, పూల మధ్య కొత్త పుస్తకం తొలి ప్రతి. ఎంత మర్యాదగా తెచ్చిందోనని హాలంతా ముచ్చటపడింది. ఆమె వేళ్ళు మాత్రం పుస్తకాన్ని తాకలేదు.

ప్రొఫెసర్ రెండు చేతులతో పుస్తకాన్ని అందుకున్నాడు. ఆయన కళ్ళు చెమర్చాయి. స్టేజీకి అరవై అడుగులు, మధ్యలో రెండొందల మంది. పరిగెత్తినా అందదు. అరిస్తే ఆయన వినేలోపు పుస్తకం ముఖాన్ని తాకుతుంది. పుస్తకం గడ్డం దాటింది. పక్కనే ప్రశ్నలడిగేవాళ్ళ కోసం పెట్టిన మైకు ఉంది. ఫెబీ దాన్ని లాక్కుంది.

"సార్, థర్డ్ పేజ్‌లో డేట్ తప్పు పడింది."

ముక్కుకి బెత్తెడు దూరంలో పుస్తకం ఆగింది. ప్రాణం పోతున్నా సరే, తేదీ తప్పంటే చరిత్రకారుడు చూడకుండా ఉండలేడు. ప్రొఫెసర్ పుస్తకాన్ని దించి, కోపంగా మూడో పేజీ తెరిచాడు. ఆ కాస్త వ్యవధి చాలు. ఫెబీ కుర్చీల మీదుగా దూకి, చున్నీతో పుస్తకాన్ని లాగేసుకుని, చేతులు ముఖానికి తగలనివ్వొద్దని ఆయన చెవిలో చెప్పింది.

జయంతి పక్క తలుపుదాకా వెళ్ళింది. అక్కడ కాపలా ఉన్న డెస్క్ నైన్ మనుషులిద్దరు ఫెబీ సైగ చూసి అడ్డం నిలబడ్డారు. ఆమె బెదరలేదు.

"ఎలా తెలిసింది?" అంది.

"మనిద్దరం ఒకేలా పెరిగాం," అంది ఫెబీ. చెబుతుంటే తనకే ఏడుపొచ్చింది.

కౌశిక్ ఎలా పోయాడో ప్రొఫెసర్‌కి చెప్పారు. "నా పుస్తకమని అద్దుకున్నాడా," అని మాత్రం అన్నాడు. సోమవారం ప్రమాణం చేసి పేరు చెప్పాడు. మంగళవారం వాషింగ్టన్‌లో ఒక పెద్ద కుర్చీ, అనారోగ్య కారణాల వల్ల, ఖాళీ అయింది.

బుధవారం ఆయన ఫెబీకి ఫోన్ చేశాడు. ప్రాణం కాపాడినందుకు కృతజ్ఞతలు చెప్పి, గొంతు సవరించుకున్నాడు.

"మూడో పేజీలో తప్పేం లేదమ్మా. మూడుసార్లు చెక్ చేశాను. రెండొందల మంది ముందు ఉందన్నావు. దాన్ని కరెక్ట్ చేసేదెవరు?"

ఫెబీ చీఫ్‌కి చెప్పింది, చీఫ్ పైవాళ్ళకి రాశాడు. పది రోజుల తర్వాత లైబ్రరీ నోటీసు బోర్డు మీద, కింద ఎవరి సంతకమూ లేని ఒక కాగితం వెలిసింది. ఆ ఏడాది మొత్తానికి డెస్క్ నైన్ బహిరంగంగా చెప్పిన నిజం అదొక్కటే: మూడో పేజీలో తేదీ సరైనదే.